పక్కన నిలబడే విద్య

1978లో వచ్చిన ‘డాన్’ హిందీ సినిమాలో జీనత్ అమన్‌కు జూడో నేర్పే గురువు ఒకాయన కనిపిస్తాడు. అమితాబ్ జోరులో ఆయన్ని పట్టించుకున్నవాళ్లు తక్కువే. ఆయన పైడి జైరాజ్. మూకీల కాలంలోనే హీరో అయిన కరీంనగర్ బిడ్డ. గోదావరికి ఇటు మన ఆసిఫాబాద్, అటు కరీంనగర్. ఇంత దగ్గరివాడైనా ఆయన గురించి మన దగ్గర మాట్లాడుకునేది కొంచెమే. మాట్లాడినా హీరోగా వెలిగిన రోజులనే చెబుతారు. ఆ తర్వాత వేసిన చిన్న వేషాలను దిగజారుడుగా లెక్కగడతారు. నా లెక్క వేరు. అసలు పనితనం అక్కడే ఉంది.

1909 సెప్టెంబరు 28న కరీంనగర్‌లో పుట్టిన జైరాజ్, హైదరాబాద్ నిజాం కాలేజీలో చదివి 1929లో బొంబాయి చేరాడు. ఆ ఏడే ‘జగ్‌మగాతీ జవానీ’లో వేషం దొరికింది. 1930లో ‘రసీలీ రాణి’తో నాయకుడయ్యాడు. మరుసటి ఏడు ‘ఆలం ఆరా’తో తెరకు మాటలొచ్చాయి. ఎందరో మూకీ నటులు అక్కడే ఆగిపోయారు, జైరాజ్ ఆగలేదు. ‘అమర్‌సింగ్ రాథోడ్’, ‘టిప్పు సుల్తాన్’, ‘చంద్రశేఖర్ ఆజాద్’ చిత్రాల్లో ఆ వీరులు ఆయనే. వయసు మీదపడ్డాక పోలీసు అధికారి, గురువు, ఇంటిపెద్ద వంటి వేషాల్లోకి మారాడు. ‘షోలే’లోనూ ఉన్నాడు.

హీరోకు కథంతా ఆసరా. పరిచయానికి ఒక పాట, కోపానికి ఒక ఫైటు, ఏడుపుకు ఒక సీను దొరుకుతాయి. క్యారెక్టర్ నటుడి చేతిలో ఉండేది రెండు మూడు నిమిషాలు. ఆ కాసేపట్లోనే తన వయసేమిటో, హోదా ఏమిటో, ఎదుటివాడితో చుట్టరికమో పగో తెలియజెప్పాలి. రచయిత అవన్నీ డైలాగుల్లో రాసివ్వడు. కుర్చీలో కూర్చునే తీరు, తలుపు దగ్గర ఆగే తీరు చెప్పాలి. మూకీల్లో నేర్చిన ఒంటి భాష అక్కడే అక్కరకొస్తుంది. రాజు వేషాలు కట్టినవాడికి వెన్ను నిలబెట్టడం, మెడ తొందరపడి తిప్పకపోవడం అలవాటవుతాయి. అదే నిలుపు ఖాకీ బట్టల్లోకి వస్తే, గొంతు పెంచకుండానే అధికారం కనబడుతుంది.

అన్నిటికన్నా కష్టం వినడం. ఎదుటివాడు మాట్లాడుతుంటే కెమెరా ఒక్క క్షణం ఇతని ముఖం మీదికి వస్తుంది. ఆ ముఖానికి అర్థం పక్కన ఏముందో దాన్ని బట్టి కూడా వస్తుంది. సోవియట్ దర్శకుడు కులెషోవ్ నటుడు మొజ్జూఖిన్ ముఖం ఒక్కటే తీసుకొని, ఓసారి సూపు గిన్నె పక్కన, ఓసారి శవపేటిక పక్కన అతికించి చూపాడట. చూసినవాళ్లు ఒకచోట ఆకలి, ఇంకోచోట దుఃఖం కనబడ్డాయని మెచ్చుకున్నారని ఆయన శిష్యుడు పుడోవ్‌కిన్ రాశాడు. ముఖం మారనే లేదు. పక్కన నిలబడేవాడికి ఇది పెద్ద పాఠం. అతిగా చేస్తే సీను చెడుతుంది, ఏమీ చేయకపోతే మనిషే కనబడడు. ఆ రెంటి నడుమ ఎక్కడ ఆగాలో తెలియడమే విద్య.

తెలుగులో ఈ విద్యకు గుమ్మడి కొలమానం. 1927లో పుట్టిన ఆయన, 1962 నాటి ‘మహామంత్రి తిమ్మరుసు’లో తిమ్మరుసుగా, తనకన్నా నాలుగేళ్లు పెద్దవాడైన, రాయల వేషం కట్టిన ఎన్టీఆర్ చేత ‘అప్పాజీ’ అని పిలిపించుకున్నాడు. ఆ పెద్దరికాన్ని నెరిసిన విగ్గు ఒక్కటే తేలేదు. మాట నెమ్మదించాలి, చూపు నిలకడగా ఉండాలి. తండ్రి లాంటి మంత్రి నమ్మకంగా ఉంటేనే ఆయన మీద కత్తిగట్టిన రాయల తప్పు మన గుండెకు తగులుతుంది. రాయల పాత్ర బరువు సగం తిమ్మరుసు మోస్తున్నాడన్నమాట.

ఆసిఫాబాద్ జనానికి ఇలా పక్కవాళ్లు బరువు మోయడం కొత్త సంగతి కాదు. దీపావళి వేళ దండారి ఆడే గోండు గూడేల్లో నెమలి ఈకల టోపీ పెట్టి, ఒంటికి బూడిద పూసుకున్న గుస్సాడి మీదే బయటివాళ్ల కళ్లు. కానీ ఆ బృందంలో ఆడవేషం కట్టే పోరిక్‌లున్నారు, వాయిద్యం పట్టేవాళ్లున్నారు. వాళ్లు లేకపోతే దండారే లేదు. జైనూరు మండలం మార్లవాయి కనకరాజు 2021లో పద్మశ్రీకి ఎంపికైంది ఒంటరి ఆటగాడిగానే కాదు, ఎందరికో ఆ ఆట నేర్పిన గురువుగా కూడా.

జైరాజ్‌కు దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం 1980కి గాను దక్కింది. హైదరాబాద్ రవీంద్రభారతిలో ఒక ప్రివ్యూ థియేటర్‌కు ఆయన పేరు పెట్టారు. మంచిదే. అయితే పేరు పెట్టడంతో విద్య నిలవదు. ఇవాళ తండ్రి వేషమంటే కళ్లనీళ్లు, విలన్ అనుచరుడంటే అరుపు అన్నట్టు అచ్చులు పోసి నటులను అందులో కుదిస్తున్నారు. నటన నేర్చుకునే పిల్లలకు హీరో డైలాగులు బట్టీ పట్టించే బదులు, ఒక సీనులో మాట్లాడనివాడు ఏం చేస్తున్నాడో చూసి రాయమంటే చాలు. జైరాజ్ చేసింది ఎంత పనో వాళ్లకే తెలిసొస్తుంది.