తీసివేతలో తేలిన గాండమ్

టెలివిజన్ ధారావాహికను సినిమాగా కుదించేటప్పుడు ఎదురయ్యే అసలు చిక్కు నిడివి అని చాలామంది అనుకుంటారు గాని, నిడివికన్నా పెద్ద చిక్కు కథ ఎన్నిసార్లు పతాకస్థాయికి చేరాలన్నది. వారం వారం ప్రసారమయ్యే కథలో ప్రతి భాగానికీ తనదైన ఎత్తుగడ, ప్రకటనల విరామానికి ముందు ఒక బిగువు, చివర ఒక పోరాటం, వచ్చే వారం దాకా ప్రేక్షకుణ్ణి పట్టి ఉంచే ఒక ముడి ఉంటాయి. అలాంటి భాగాలు నలభై ఉంటే పతాక సన్నివేశాలూ నలభై ఉంటాయి. వాటిని కత్తిరించి వరసగా అతికిస్తే రెండు గంటల్లో ఏ ఒక్కటీ మనసుకు పట్టదు. జపాన్ యానిమేషన్ పరిశ్రమ ఈ చిక్కును విప్పడానికి చేసిన ప్రయత్నాల్లో అన్నిటికన్నా శ్రద్ధగా చూడదగినది, 1981, 1982 సంవత్సరాల్లో విడుదలైన ‘మొబైల్ సూట్ గాండమ్’ చిత్రత్రయం.

అనిమే అంటే జపాన్‌లో తయారయ్యే యానిమేషన్. అందులో మనిషి లోపల కూర్చుని నడిపే భారీ యంత్రాల కథలు ఒక ప్రత్యేక శాఖ. యోషియుకి తొమినో దర్శకత్వంలో నిప్పన్ సన్‌రైజ్ సంస్థ తీసిన ‘గాండమ్’ ధారావాహిక 1979 ఏప్రిల్ 7న నగోయా నగరంలోని టెలివిజన్ కేంద్రం ద్వారా మొదలై 1980 జనవరి 26న ముగిసింది. అంతరిక్షంలో కట్టిన భారీ ఆవాసాలకు మనుషులు వలస వెళ్లిన కాలంలో, ఆ ఆవాసాల్లో ఒకటి జియోన్ రాజ్యంగా ప్రకటించుకొని భూమి సమాఖ్యపై యుద్ధానికి దిగుతుంది. పదిహేనేళ్ల అమురో రే అనుకోకుండా ‘గాండమ్’ అనే యుద్ధయంత్రాన్ని నడపవలసి వచ్చి, శరణార్థులతో నిండిన ‘వైట్ బేస్’ అనే నౌకలో ఆ యుద్ధం పొడవునా కొట్టుకుపోతాడు. అంతకుముందటి రోబో కథల్లో యంత్రం దాదాపు దైవాంశ గల వీరుడు; ఇక్కడ అది కర్మాగారంలో తయారై, దెబ్బతిని, మరమ్మతుకు వెళ్లే ఆయుధం. ‘మొబైల్ సూట్’ అనే పేరు అలాంటి యంత్రాలన్నిటికీ వర్తిస్తుంది.

ఇంత గంభీరమైన కథకు ఖర్చు పెట్టింది మాత్రం బొమ్మల కంపెనీ. పిల్లలు కొనుక్కునే బొమ్మలు అమ్ముడుపోవాలంటే ప్రతి వారం గాండమ్ బరిలోకి దిగాలి, ఏదో ఒక కొత్త ఆయుధం కనిపించాలి, శత్రుయంత్రం ఒకటి కూలాలి. అలా చేసినా వీక్షకులు చాలినంతగా రాకపోవడంతో 52 భాగాలుగా అనుకున్న కథ 43 భాగాలకే ముగిసింది. ఆ తర్వాత పునఃప్రసారాలు, 1980 జూలైలో బందాయ్ సంస్థ అమ్మకానికి తెచ్చిన ప్లాస్టిక్ నమూనాలు కలిసి ఈ కథకు హైస్కూలు, కాలేజీ వయసు ప్రేక్షకులను తెచ్చిపెట్టాయి. 1977లో ‘అంతరిక్ష యుద్ధనౌక యమాతో’ అనే 26 భాగాల ధారావాహికను ఒకే చిత్రంగా కుదించి విడుదల చేసినప్పుడు థియేటర్ల ముందు వరసలు కట్టిన అనుభవం పరిశ్రమకు అప్పటికే ఉంది. పాత దృశ్యాలను కూర్చి తయారుచేసే ఇలాంటి సినిమాను సంగ్రహ చిత్రం అనవచ్చు.

‘యమాతో’ సంగ్రహంలో మూల కథలోని పావు వంతు కాలమే మిగిలింది. ‘గాండమ్’ ఒక్కో భాగంలో అసలు కథ దాదాపు 20 నిమిషాలు అనుకుంటే మొత్తం 14 గంటలకు పైగా అవుతుంది. తొమినో దాన్ని ఒక్క సినిమాలో ఇరికించక మూడుగా విడదీయడం వల్ల దాదాపు 7 గంటలు, అంటే సగం కథ, తెరమీద నిలిచింది. ఈ నిర్ణయమే తక్కిన పనినంతటినీ సాధ్యం చేసింది. సగం తీసేసేవాడికి ఏది ఉంచాలో ఆలోచించుకునే వెసులుబాటు ఉంటుంది, మూడు వంతులు తీసేసేవాడికి సంఘటనల పట్టిక తప్ప మరేమీ మిగలదు. 1981 మార్చి 14న షోచికు సంస్థ పంపిణీ చేసిన తొలి చిత్రం పేరులో మొదటి భాగమన్న సూచన ఎక్కడా లేదు. దానికి మూడు వారాల ముందు, ఫిబ్రవరి 22న, టోక్యోలోని షిన్‌జుకు స్టేషన్ ఎదుట వేలాది యువతీయువకులు గుమిగూడగా, యానిమేషన్‌లో కొత్త యుగం మొదలైందన్న ప్రకటన వెలువడింది.

యానిమేషన్ కూర్పులో ఉన్న ఒక కఠిన నియమం ఇక్కడ గుర్తుంచుకోవాలి. మనుషులతో తీసే సినిమాలో ఒకే సన్నివేశం పలు కోణాల్లో, పలు టేకుల్లో చిత్రితమై ఉంటుంది కాబట్టి ఎడిటర్ చేతిలో ఎప్పుడూ మిగులు సరుకు ఉంటుంది. 2015, 2017 నాటి రెండు ‘బాహుబలి’ చిత్రాలను ఎస్.ఎస్. రాజమౌళి 2025 అక్టోబరులో ‘బాహుబలి: ది ఎపిక్’ పేరుతో ఒకే చిత్రంగా కూర్చినప్పుడు, అవంతిక ప్రేమకథను, కొన్ని పాటలను పక్కన పెట్టి కథానాయకుల వంశగాథనే నడిపించారు, అతుకు సరిగా కుదరని చోట వెతుక్కోవడానికి చిత్రీకరించిన దృశ్యాలైనా ఉన్నాయి. గీసే సినిమాలో ఆ వీలు లేదు. సెకనుకు ఇన్ని బొమ్మలని లెక్కగట్టి, ప్రసారానికి కావలసినంత మేరకే గీస్తారు. పాత్ర తల తిప్పడానికి ముందు మరో క్షణం ఆగి ఉంటే బాగుండేదని ఎడిటర్‌కు అనిపించినా, ఆ క్షణం ఎక్కడా లేదు. ఉన్నదాన్ని తగ్గించాలి, లేదా ఖర్చు పెట్టి కొత్తగా గీయాలి.

ఈ ఇరుకులోనే ఒక వెసులుబాటు కూడా దాగి ఉంది. జపాన్‌లో సాధారణంగా బొమ్మలు సిద్ధమయ్యాకే నటులు వాటిని చూస్తూ మాటలు చెబుతారు. పైగా టెలివిజన్ యానిమేషన్‌లో పాత్ర నోటికి ఎక్కువగా మూడు బొమ్మలే ఉంటాయి: మూసినది, కొంచెం తెరిచినది, బాగా తెరిచినది. ఈ మూడూ ఏ మాటకైనా సరిపోతాయి కాబట్టి, నోరు కదిలే కాలవ్యవధిలో ఇమిడేటట్టు సంభాషణను మార్చి రాస్తే పాత బొమ్మ కొత్త మాట పలుకుతుంది. గాండమ్ చిత్రాలకు మాటలన్నీ మళ్లీ రికార్డు చేశారు. రెండు భాగాల్లో చెప్పిన విషయం ఒక్క వాక్యంలో ఇమిడిపోవడం, తీసేసిన సంఘటన తాలూకు సమాచారం మరెవరి నోటనో వినిపించడం ఇలాగే సాధ్యమయ్యాయి. కుదింపులో సగం పని కత్తెరది కాదు, కలానిదీ గొంతుదీ అన్న సంగతి ఈ చిత్రాలు చూస్తే తెలిసినంతగా మరెక్కడా తెలియదు.

కదలిక దిశ ఇంకొక జాగ్రత్త. తొమినో 2002లో ప్రచురించిన దృశ్యసూత్రాల పుస్తకంలో, తెరకు కుడివైపు బలం, ఎడమవైపు బలహీనత ఉంటాయని, ఏ పాత్ర ఎటునుంచి ఎటు కదులుతుందన్న దాన్నిబట్టే ప్రేక్షకుడికి తెలియకుండా గెలుపోటముల భావం కలుగుతుందని వివరించారు. వేర్వేరు వారాల్లో వేర్వేరు చేతులు గీసిన దృశ్యాలను పక్కపక్కన పెట్టినప్పుడు ఈ దిశలు తారుమారైతే, తరుముతున్నవాడెవడో పారిపోతున్నవాడెవడో అర్థం కాదు. అందువల్ల ఏ పోరాటాన్ని ఉంచాలన్న ప్రశ్నకు జవాబు కథలో దాని ప్రాముఖ్యాన్నిబట్టి మాత్రమే ఉండదు. దాని ముందూ వెనుకా ఉన్న దృశ్యాలతో అది కలిసి ప్రవహించగలదా అన్నదాన్నిబట్టి కూడా ఉంటుంది.

చిత్రత్రయంలో పోయినవి ఎక్కువగా పోరాటాలే. ఇనుప గుండుకు గొలుసు కట్టిన గాండమ్ ఆయుధం మాయమైంది. బొమ్మల అమ్మకం కోసం ధారావాహిక మధ్యలో ప్రవేశపెట్టిన, విడదీసి రకరకాలుగా కలపగలిగే జీ ఆర్మర్ అనే విమానం స్థానంలో కోర్ బూస్టర్ అనే నిరాడంబరమైన యుద్ధవిమానాన్ని కొత్తగా గీయించారు. ఖర్చు పెట్టినవాడి కోసం చేర్చినవి తొలగిపోగా, తిండి, నిద్ర చాలక విసిగిపోయిన కుర్రాళ్లు, వాళ్లను నడపలేక సతమతమయ్యే పందొమ్మిదేళ్ల కెప్టెన్, ఓడలో చోటు లేక గొణిగే శరణార్థులు మిగిలారు. ఈ కథకు వెన్నెముక మొదటి నుంచీ వీళ్లే. వారం వారం కూలే శత్రుయంత్రాల మాటున ఆ వెన్నెముక సరిగా కనిపించలేదు.

తొలి చిత్రం ముగింపులో జరిగిన ఒక చిన్న మార్పు దగ్గర ఆగి చూడవలసిందే. ధారావాహికలో జియోన్ పాలకవంశపు చిన్న కుమారుడు గార్మా 10వ భాగంలో చనిపోతాడు; 12వ భాగంలో అతడి అంత్యక్రియల సభలో అన్న గిరెన్ ప్రసంగించి, శోకాన్ని యుద్ధోన్మాదంగా మారుస్తాడు; 13వ భాగంలో అమురో చాలాకాలం తర్వాత తల్లిని కలుసుకుంటాడు. శిబిరంలో బాధితులకు సేవ చేస్తున్న ఆ తల్లి, కొడుకును మంచంమీద దుప్పటి కింద దాస్తుంది. వెతకడానికి వచ్చిన జియోన్ సైనికుడిపై అమురో ఆ దుప్పటి కిందినుంచే కాల్పులు జరుపుతాడు. తన బిడ్డ మనిషిని కాల్చాడన్న సంగతిని ఆమె తట్టుకోలేకపోతుంది. ప్రాణం దక్కించుకోవడం తప్పెలా అయిందో అతడికి బోధపడదు. చివరకు సైనికుడిలా వందనం చేసి వెళ్లిపోతాడు. సినిమాలో ఈ క్రమం తిరగబడింది: తల్లిని వీడిన తర్వాతే గిరెన్ ప్రసంగం వస్తుంది.

కేవలం వరస మార్చడం వల్ల కలిగిన ప్రభావం అసాధారణం. ధారావాహికలో ప్రసంగం రాజకీయం, తల్లి కథ వ్యక్తిగతం. రెండిటికీ మధ్య ఒక వారం ఉంది. సినిమాలో, ఇంట్లో చోటు కోల్పోయిన కుర్రవాడు ఆ వెంటనే, తమ్ముడి శవాన్ని అడ్డుపెట్టుకొని లక్షలమందిని యుద్ధానికి పురికొల్పే గొంతు వింటాడు. తానెవరితో పోరాడుతున్నాడో అతడికి మొదటిసారి తెలిసేది, వెనక్కి వెళ్లే దారి మూసుకుపోయిన తర్వాతే. గార్మాను కుట్రతో చావుకు నడిపించిన జియోన్ సైనికాధికారి షార్ అదే ప్రసంగాన్ని మద్యశాలలో వింటూ, స్నేహితుడి మరణానికి కారణం అతడి పసితనమే అన్నట్టు తేల్చి పారేస్తాడు. బిగువు కోసం పోరాటంతో ముగించవలసిన చిత్రాన్ని ఒక ఉపన్యాసంతో ముగించే ధైర్యం, ఈ కూర్పుకు కథపై ఉన్న నమ్మకాన్ని చూపుతుంది.

1981 జూలై 11న వచ్చిన రెండో చిత్రం అంత సమంగా లేదు. శత్రువైనా అమురోకు గురువులాంటి రాంబా రాల్ మరణం ధారావాహిక 20వ భాగంలో, తోటి సైనికుడు రియు మరణం 21వ భాగంలో, అమురో మూగగా ఆరాధించిన మతిల్డా మరణం 24వ భాగంలో, తమ్ముడినీ చెల్లెలినీ పోషించుకోవడానికి గూఢచారిగా మారిన మిహరు మరణం 28వ భాగంలో వస్తాయి. వీటి మధ్య గడిచిన వారాలు కథకులు రాయకపోయినా కథలో భాగమే. ఒక మరణం తర్వాత బడికీ పనికీ వెళ్లివచ్చిన ప్రేక్షకుడికి దుఃఖం ఇంకడానికి వ్యవధి దొరికేది. సినిమాలో అవన్నీ ఒకే విడతలో, ఒకదాని వెంట ఒకటి వచ్చిపడతాయి. యుద్ధంలో ఏడవడానికి కూడా తీరిక ఉండదన్న భావాన్ని ఆ తొందర కొంత మేరకు కలిగిస్తుందని ఒప్పుకోవచ్చు గాని, మిహరు కథకు అది అన్యాయమే చేసింది. ఆమె ఆకలిని, ఆమె ఇంటిని ప్రేక్షకుడు పరిచయం చేసుకునేలోపే ఆమె సముద్రంలో పడిపోతుంది.

1982 మార్చి 13న విడుదలైన మూడో చిత్రం పరిస్థితి వేరు. పాత్రలను రూపొందించి, వాటి గీతను పర్యవేక్షించిన యోషికాజు యసుహికో ధారావాహిక చివరి దశలో జబ్బుపడి ఆసుపత్రిలో చేరడంతో ఆ భాగాల బొమ్మల్లో పట్టు సడలింది. కోలుకున్న యసుహికో సినిమా కోసం చాలా దృశ్యాలను కొత్తగా గీశారు. అందువల్ల ఇది సంగ్రహం అనేకన్నా పునఃకల్పనకు దగ్గరగా ఉంటుంది. అంతరిక్షంలో పుట్టి పెరిగినవారిలో ఎదుటివారి మనసును మాటల అవసరం లేకుండా గ్రహించే శక్తి మేల్కొంటుందన్న ఊహకు ఈ కథలో న్యూటైప్ అని పేరు. అమురో, శత్రుపక్షపు అమ్మాయి లాలా యుద్ధం మధ్యలోనే ఒకరినొకరు అలా తెలుసుకుని, ఆ వెంటనే ఒకరినొకరు కోల్పోతారు. ధారావాహికలో హడావుడిగా ముగిసినట్టున్న ఆ ఘట్టానికి, కథ చేరవలసిన చోటు ఇదేనన్న భావాన్ని సినిమా తెచ్చిపెట్టింది.

ఇదే దర్శకుడు ఇదే పద్ధతిని తర్వాతి కాలంలో వాడినప్పుడు ఫలితం ఇంత బాగా రాలేదు. 1985, 86ల్లో 50 భాగాలుగా ప్రసారమైన ‘జీటా గాండమ్’ను 2005, 2006ల్లో మూడు చిత్రాలుగా కుదించారు, మూడూ కలిపి 5 గంటలకు లోపే, అంటే మూల కథలో మూడో వంతైనా లేదు. ఇరవయ్యేళ్ల నాటి బొమ్మల పక్కన కొత్త బొమ్మలు వచ్చి నిలిచినప్పుడు కన్ను తడబడుతుంది. పక్షాలు మారే పాత్రలు ఎందుకు మారాయో ధారావాహిక చూడనివారికి తెలియదు. కథానాయకుడి మనసు చెదిరిపోయే పాత ముగింపును మార్చి అతడికి ఆరోగ్యాన్ని ప్రసాదించడం మెచ్చదగిన ఆలోచనే అయినా, దాన్ని నమ్మించడానికి కావలసినంత దారి ముందు వేయలేదు. 1984లో ‘మక్రాస్’ బృందం పాత దృశ్యాలను పూర్తిగా వదిలేసి, తమ 36 భాగాల కథను కొత్తగా గీసిన ఒకే చిత్రంగా చెప్పింది. అది మరో దారి, చాలా ఖరీదైన దారి.

తొలి గాండమ్ చిత్రాల్లో చోటు దక్కని భాగాల్లో 15వది ఒకటి. జియోన్ సైన్యాన్ని వదిలి వచ్చిన కుకురుస్ డోన్ అనే సైనికుడు, అనాథ పిల్లలను సాకుతూ ఒక దీవిలో దాగి ఉండే ఆ కథ ప్రధాన కథను ముందుకు నడపదు. సంగ్రహం చేసే ఎవరైనా మొదట దాన్నే తీసేస్తారు, తొమినో తీసేయడం సరైనదే. 2022 జూన్‌లో అదే 20 నిమిషాల కథను యసుహికో స్వయంగా దర్శకత్వం వహించి రెండు గంటలకు కాస్త తక్కువ నిడివి గల సినిమాగా విస్తరించారు. దీవిలోని పిల్లల సంఖ్య పెరిగింది, వాళ్ల మేకలకు, పొలం పనులకు, పుట్టినరోజు విందుకు సమయం దొరికింది. వాళ్లతో కలిసి పనులు చేస్తూ అమురో మెల్లగా మనుషుల్లో పడే సన్నివేశాలు ఈ సినిమాలో బాగా పండాయి. దీవి కింద క్షిపణులు దాచారన్న ఉపకథను మాత్రం నిడివి నింపడానికి అతికించినట్టే ఉంది, అది లేకపోయినా ఆ పిల్లల కథ నిలబడేది.