మిక్లోష్ రోజా సంగీతం: 'ద్వంద్వ జీవితం' అన్న భావనకు పునఃపరిశీలన

హంగేరీలో జన్మించిన సంగీతకర్త మిక్లోష్ రోజా (1907–1995) తన ఆత్మకథకు 'డబుల్ లైఫ్' అని పేరు పెట్టుకున్నారు. ఆస్కార్ తెచ్చిపెట్టిన 'ఎ డబుల్ లైఫ్' (1947) చిత్రం పేరును అది గుర్తుకు తెస్తుంది. కచేరీ వేదిక, సినిమా అనే రెండు వేర్వేరు జీవితాలను తాను గడిపానన్నది అందులోని ధ్వని. దీన్ని యథాతథంగా అంగీకరిస్తే కచేరీ రచన కళగా, సినీసంగీతం బతుకుతెరువుగా మిగులుతాయి. ఆయన రచనల ముందు ఈ విభజన ఎంతవరకు నిలుస్తుందో పరిశీలించడం ఈ వ్యాసం ఉద్దేశం.

రోజా సంగీతానికి మూలధాతువు బాల్యంలో విన్న పలోత్స్ రైతుల పాటలు. లైప్‌జిగ్‌లో శాస్త్రీయ శిక్షణ పొందినా ఆ జానపద స్వరక్రమాలను, హంగేరియన్ పదాల తొలి అక్షరంపై పడే ఊనికను ఆయన వదులుకోలేదు. ఆ ముద్ర వయొలిన్ కచేరీలో ఎంత స్పష్టమో, చారిత్రక చిత్రాల ఇతివృత్త స్వరాల్లోనూ అంతే స్పష్టం.

రాకపోకలు రెండు వైపులా సాగాయి. 'స్పెల్‌బౌండ్' (1945) చిత్రసంగీతం తరువాత పియానో, వాద్యబృందాల రచనగా కచేరీ వేదికకెక్కింది. యాషా హైఫెట్స్ కోసం రాసి, 1956లో డల్లాస్‌లో తొలిసారి వినిపించిన వయొలిన్ కచేరీ, బిల్లీ వైల్డర్ తీసిన 'ది ప్రైవేట్ లైఫ్ ఆఫ్ షెర్లాక్ హోమ్స్' (1970)కు సంగీతాధారమైంది. రెండు జీవితాల మధ్య నిజంగా గోడే ఉంటే ఈ ప్రయాణం ఇంత సహజంగా సాగేది కాదు.

అయితే రెండింటినీ ఒకటే అనడమూ సరికాదు. దృశ్యం విధించే నియమం సినీసంగీతానికి ప్రత్యేకం. 'బెన్-హర్' (1959)లో ఓడ బానిసలు తెడ్లు వేసే ఘట్టాన సుత్తి దెబ్బల వేగం పెరిగేకొద్దీ సంగీతమూ వేగం పుంజుకుంటుంది; శ్రమ హింసగా మారడాన్ని లయే చెబుతుంది. అదే చిత్రంలో రథాల పందెం సంగీతం లేకుండానే సాగుతుంది. పందేనికి ముందరి ఊరేగింపులో మోగిన కవాతు ఆగిపోయాక గిట్టల చప్పుడు, చక్రాల రొద, జనఘోష మాత్రమే వినిపిస్తాయి. ఎక్కడ మాట్లాడాలో, ఎక్కడ మౌనం వహించాలో ఎరిగిన వివేకం సినిమా నేర్పే విద్య. కచేరీ కొలతలకు అది అందదు.

ఆయన పరిమితినీ గుర్తించాలి. 'క్వో వాడిస్' (1951) కోసం సెయికిలోస్ శిలాశాసన గీతం వంటి ప్రాచీన గ్రీకు అవశేషాలను పరిశోధించి వాడుకున్న శ్రద్ధ అరుదైనది. కానీ అప్పుడు సాధించిన రోమన్ బాణీ తరువాతి చిత్రాల్లో క్రమంగా అలవాటుగా స్థిరపడింది. అన్వేషణగా మొదలైనది ముద్రగా మారింది.

కనుక 'ద్వంద్వ జీవితం' రోజా ఆత్మానుభూతిగా సత్యమే. విమర్శకు ప్రమాణంగా మాత్రం చాలదు. ఆయనది ఒకే స్వరభాష. మారినవి అది నెరవేర్చవలసిన బాధ్యతలు. సినీసంగీతాన్ని కచేరీ రచనకు తక్కువ రూపంగా కాక, దాని బాధ్యతను అది ఎంత నెరవేర్చిందన్న కొలతతో అంచనా వేసినప్పుడే ఇటువంటి కళాకారునికి న్యాయం జరుగుతుంది.