కథనం ఎవరి నుడిలో సాగుతుంది?: వడమాలపేట పరిసర సాహిత్యంపై ఒక పరిశీలన

వడమాలపేట అన్న పేరులో తమిళ 'వడమలై' వినిపిస్తుంది. దానికి ఉత్తరపు కొండ అని అర్థం. తమిళ వైష్ణవ సంప్రదాయంలో అది తిరుమలకు పేరు. తొల్కాప్పియం పాయిరం తమిళసీమకు ఉత్తరపు హద్దుగా చెప్పిన వేంగడమూ ఇదే. దక్షిణం నుంచి చూసినవారికే తిరుమల ఉత్తరపు కొండ అవుతుంది. పొరుగువారి చూపు ఊరిపేరులోనే నిలిచిపోయిన ఈ సీమ సాహిత్యాన్ని 'మాండలిక సాహిత్యం' అన్న ఒక్క మాటతో సరిపెట్టడం ఎంతవరకు సమంజసమో పరిశీలించడం ఈ వ్యాసోద్దేశం.

ఇక్కడి కొండలు అడ్డుగోడలు కావు. నగరి కొండల దాపున అరుణానది నారాయణవనం, సురుటుపల్లి మీదుగా తూర్పు మైదానానికి దిగుతుంది. రేణిగుంట నుంచి పుత్తూరు మీదుగా దారీ, రైలూ మద్రాసు వైపు సాగుతాయి. నగరి, పుత్తూరు మగ్గాల దగ్గర రెండు భాషలూ వినిపిస్తాయి. 1960లో తిరుత్తణి మద్రాసు రాష్ట్రానికి వెళ్లింది. 2022లో వడమాలపేట తిరుపతి జిల్లాలో చేరగా, పక్కనున్న కార్వేటినగరం చిత్తూరు జిల్లాలోనే మిగిలింది.

ఆ కార్వేటినగరం వేణుగోపాలుని ముద్రతో పదాలు రచించిన సారంగపాణిని క్షేత్రయ్య పక్కన నిలిపి చూడటం పరిపాటి. ఆ పోలికలో సారంగపాణి వాడుక మాట లోపంగానో వింతగానో కనిపిస్తుంది. 'మొగడొచ్చి' అని మొదలయ్యే శహానా రాగ పదంలో నాయిక ఇంటి గడప దగ్గరి స్త్రీలా మాట్లాడుతుంది. ఇది శిష్టభాష చేతకాక వచ్చిన మాట కాదు, పాత్ర నిలిచిన చోటు నుంచి వచ్చిన మాట.

ఆధునిక కథలో అసలు ప్రశ్న సంభాషణ గురించి కాదు, కథనం గురించి. మధురాంతకం రాజారాం కథనం శిష్టవ్యావహారికం. కేశవరెడ్డి పాత్రలు చిత్తూరు నుడిలో మాట్లాడినా, కథకుడు ప్రామాణిక భాషలోనే ఉంటాడు. నామిని సుబ్రహ్మణ్యం నాయుడు 'పచ్చనాకు సాక్షిగా', 'సినబ్బ కథలు'లో కథనాన్నే ఊరి నుడికి అప్పగించారు. చూడబడే ఊరు చూసే ఊరైంది. దీన్ని 'మట్టివాసన' అని మెచ్చుకొని వదిలేయడం, నా దృష్టిలో, విమర్శ బాధ్యతను తప్పించుకోవడమే. అలాగని ప్రామాణిక కథనం తక్కువదని కాదు: 'అతడు అడవిని జయించాడు'లో పందుల కాపరి ముసలివాడు అడవిలో గడిపే రాత్రికి ఆ ఎడం అవసరం. మాట పంచుకొనే మనిషే అక్కడ లేడు.

ఈ సమస్య తెలుగుకే పరిమితం కాదు. పెరూ దేశపు ఆండీస్ కొండల్లో, కెచువా మాట్లాడే ఆందహువైలాస్‌లో 1911లో పుట్టిన హొసే మరియా అర్గెదాస్ స్పానిష్‌లో రాశాడు. 1958 నాటి నవల 'లోస్ రియోస్ ప్రొఫుందోస్'లో బొంగరానికి కెచువా వాడుకలో ఉన్న 'జుంబాయ్యు' అన్న మాట దగ్గర కథ ఆపి, దాని చివరి ధ్వనికి రెక్కల చప్పుడుతో ఉన్న చుట్టరికాన్ని వివరిస్తాడు. ఆ వివరణ పుస్తకం చివరి పదకోశంలో లేదు, అధ్యాయం మొదట్లోనే ఉంది.

మన పరిశోధన వ్యాసాల్లో 'గెనిమ' పక్కన 'పొలం గట్టు' అని, 'మడక' పక్కన 'నాగలి' అని రాసి ముందుకు సాగుతున్నాం. ఆ గెనిమ మీద ఎవరు నడుస్తున్నారు, ఎవరిని నడవనివ్వడం లేదు అన్నది పట్టికలో చేరడం లేదు.