'డ్రైవర్ రాముడు' (1979): వృత్తినామం, అన్న పాత్ర, దిగువ కృష్ణా డెల్టా

వ్యాససంగ్రహం

కె. రాఘవేంద్రరావు దర్శకత్వంలో 1979లో విడుదలైన 'డ్రైవర్ రాముడు' లారీ డ్రైవరును కథానాయకుడిగా నిలిపిన తెలుగు చిత్రం. ఇందులో వృత్తికి లభించిన గౌరవం శ్రమ మూలంగా కంటే అన్న పాత్ర మూలంగా వచ్చిందని, ఆ అన్న పాత్రే 1982 నాటి రాజకీయ ప్రచారానికి దారి వేసిందని ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: లారీ డ్రైవరు, వృత్తినామం, దయావీరం, దివిసీమ, చైతన్యరథం

1. ప్రవేశిక

నందమూరి తారక రామారావు రాజకీయ విజయానికి పౌరాణిక పాత్రలే మూలమన్న అభిప్రాయం చాలాకాలం విమర్శలో బలంగా ఉంది. ఎస్.వి. శ్రీనివాస్ 'పాలిటిక్స్ యాజ్ పెర్ఫార్మెన్స్' (2013) వంటి అధ్యయనాల తరువాత సాంఘిక చిత్రాలపైనా దృష్టి పడింది. అయితే యాక్షన్ చిత్రాలలోని వృత్తిపాత్రలను విడిగా పరిశీలించవలసిన అవసరం మిగిలే ఉంది. ఆ పరిశీలనకు 'డ్రైవర్ రాముడు' అనువైన చిత్రం. నిర్మాత నందమూరి హరికృష్ణ, సంగీత దర్శకుడు చక్రవర్తి, నాయిక జయసుధ.

2. శీర్షికలోని సమాసం

రామారావు చిత్రాలలో 'టాక్సీ రాముడు' (1961), 'అడవి రాముడు' (1977), 'ఛాలెంజ్ రాముడు' (1980), 'సర్కస్ రాముడు' (1980) ఒకే వరుసకు చెందిన పేర్లు. 1978లో 'శ్రీరామ పట్టాభిషేకం'లో రాముడిగా కనిపించిన నటుడే మరుసటి ఏడు లారీ స్టీరింగు పట్టాడు. 'అడవి' స్థలాన్ని సూచిస్తే, 'డ్రైవర్' జీవనోపాధిని సూచిస్తుంది. ప్రజలు 'చోదకుడు' అనరు, డ్రైవరనే అంటారు. ఆ వాడుకమాటను యథాతథంగా దేవుడి పేరు పక్కన నిలపడమే ఈ శీర్షికలోని సాహసం.

'డ్రైవరైన రాముడు' అని విగ్రహవాక్యం చెప్పుకుంటే ఇది కర్మధారయం. కర్మధారయంలో ఉత్తరపదానికే ప్రాధాన్యం. అంటే డ్రైవరు విశేషణం, రాముడు విశేష్యం. చిత్రం నడక కూడా ఈ వ్యాకరణాన్నే అనుసరించింది.

3. చూపున్న అన్న, చూపులేని చెల్లెలు

డ్రైవరు వృత్తికి చూపే ఆధారం. రాత్రంతా కన్ను మూయకుండా దారిని గమనించడమే అతని పని. అటువంటి కథానాయకుడికి అంధురాలైన చెల్లెలిని (రోజారమణి) ఇవ్వడం కథాకల్పనలో కీలకాంశం. దారిని చూసే కన్ను ఇంట్లో చెల్లెలికి కన్నవుతుంది. చెల్లెలు చూడలేనిదాన్ని అన్న వర్ణించి చెప్పే పాటలో ఈ భావం పతాకస్థాయికి చేరుతుంది. పోరాట ఘట్టాలు యుద్ధవీరాన్ని పోషిస్తే, ఈ అనుబంధం దయావీరాన్ని పోషిస్తుంది. ప్రేక్షకుడి మనసులో చివరికి నిలిచేది రెండోదే.

ఇతర దేశాల చిత్రాలతో పోలిస్తే ఈ తేడా స్పష్టమవుతుంది. ఫ్రెంచి చిత్రం 'ది వేజెస్ ఆఫ్ ఫియర్' (1953)లో నైట్రోగ్లిజరిన్ మోసే డ్రైవర్ల ప్రాణభయమే కథ. జపాన్‌లో 1975-79 మధ్య పది చిత్రాలుగా వచ్చిన 'టొరక్కు యారో' వరుసలో రంగులు, దీపాలు అలంకరించిన లారీలే ప్రధానాకర్షణ. మొదటిదానికి ప్రమాదం, రెండోదానికి వాహనం కేంద్రమైతే, తెలుగు చిత్రానికి ఇల్లు కేంద్రమైంది.

ఇక్కడే చిత్రం పరిమితి కూడా ఉంది. 1961 నాటి మోటారు రవాణా కార్మికుల చట్టం రోజుకు 8 గంటలు, వారానికి 48 గంటలే పని అని నిర్దేశించింది. పనిగంటలు, నిద్రలేమి, కిరాయి, యజమానితో లెక్కలు డ్రైవరు జీవితంలోని అసలు సంఘర్షణలు. కుటుంబ ధర్మం కథకు చోదకశక్తి అయినప్పుడు ఇవి నేపథ్యానికి జరుగుతాయి. డ్రైవరు గొప్పవాడని చిత్రం చెబుతుంది. డ్రైవరు పని ఎంత కష్టమైనదన్న ప్రశ్న మాత్రం గౌణమవుతుంది.

4. డెల్టా నేపథ్యం

రామారావు 1923లో నాటి గుడివాడ తాలూకాలోని నిమ్మకూరులో జన్మించాడు. ఒకప్పుడు బందరు కాలువలో పడవల మీద సాగిన సరుకు రవాణా క్రమంగా రోడ్డెక్కింది. ధాన్యం, చెరకు, చేపలు పండే ఈ ప్రాంతంలో పంట సొమ్ముగా మారాలంటే లారీ కావాలి. కాబట్టి ఇక్కడి ప్రేక్షకుడికి డ్రైవరు పొరుగు మనిషి.

1977 నవంబరు 19న వచ్చిన ఉప్పెన దివిసీమలో వేలమందిని బలిగొంది. రామారావు, అక్కినేని నాగేశ్వరరావు బాధితుల కోసం ఊరూరా తిరిగి విరాళాలు సేకరించారు. పదిహేను నెలలైనా తిరక్కముందే ఈ చిత్రం వచ్చింది. ఆ విరాళయాత్ర చిత్రానికి ప్రేరణ అనడానికి ఆధారం అవసరం లేదు, అలా అనడం ఈ వ్యాసం ఉద్దేశమూ కాదు. ఆపదలో అండగా నిలిచే అన్న అనే భావన తెర మీద కనిపించేనాటికే తెర వెలుపల రూపుదిద్దుకుందన్నది మాత్రం గమనార్హం.

5. ఖాకీ దుస్తులు, చైతన్యరథం

1982 మార్చి 29న తెలుగుదేశం ఏర్పడింది. ఖాకీ దుస్తులతో, పాత షెవర్లె వ్యానులో, రోడ్డు పక్కనే స్నానం, భోజనం చేస్తూ సాగిన రామారావు ప్రచారం లారీ డ్రైవరు దినచర్యను తలపిస్తుంది. ఆ చైతన్యరథాన్ని నడిపినవాడు 'డ్రైవర్ రాముడు' నిర్మాత హరికృష్ణే. చిత్రంలో ఇంటికి పరిమితమైన అన్న ఇప్పుడు ఆడపడుచులందరికీ అన్న అయ్యాడు. 1983 ఎన్నికలలో గుడివాడ ఆయనను గెలిపించింది. రథం అన్న సంస్కృత పదం పురాణాన్ని గుర్తుచేస్తే, ఖాకీ శ్రమజీవిని గుర్తుచేసింది. శీర్షికలోని సమాసమే ప్రచారంలో దృశ్యరూపం దాల్చింది.

6. ముగింపు

పౌరాణిక రాముడికీ రాజకీయ అన్నకూ మధ్య డ్రైవరు ఒక వంతెన. ఆ వంతెన మీదుగా నాయకుడు దాటాడు, వృత్తి వెనుకే ఉండిపోయింది. బి. గోపాల్ దర్శకత్వంలో బాలకృష్ణ కథానాయకుడిగా వచ్చిన 'లారీ డ్రైవర్' (1990) శీర్షికలో రాముడి పేరు లేదు. వృత్తినామం ఒంటరిగా నిలిచిన ఆ చిత్రంలో శ్రమకు దక్కిన స్థానమెంతో పరిశీలిస్తే, తెలుగు యాక్షన్ చిత్రాలలో శ్రామిక పాత్ర పరిణామం మరింత స్పష్టమవుతుంది.