పేరు ఏం రాయమంటారండీ?

కేకు ఆర్డరు ఇవ్వడానికి వెళితే కౌంటర్ దగ్గర అమ్మాయి వరసగా అడుగుతుంది. ఎన్ని కిలోలు, ఏ ఫ్లేవరు, ఎగ్గా ఎగ్‌లెస్సా, ఎన్నింటికి కావాలి. చివర్లో, రాస్తున్న పుస్తకంలోంచి తలెత్తకుండా ఇంకో మాట అడుగుతుంది: "పేరు ఏం రాయమంటారండీ?" తెనాలిలో అయినా, బాపట్లలో అయినా, రేపల్లెలో అయినా ఇదే వరస. ముందు అడిగినవాటికి ఇంట్లో అందరం చర్చించుకునే వెళతాం. బటర్‌స్కాచా పైనాపిలా అని పిల్లలు ముందురోజు రాత్రే తగువు పెట్టుకుని ఉంటారు. పేరు దగ్గరికి వచ్చేసరికి మాత్రం నోటితో చెప్పేసి, అడ్వాన్సు కట్టి, బండెక్కేస్తాం.

నా మట్టుకు నాకు ఆ ఆఖరి ప్రశ్నే ముఖ్యం. బేస్ పొద్దున్నే కాల్చి పెట్టేసి ఉంటుంది. దాన్ని అడ్డంగా పొరలు కోసి, పంచదార నీళ్లు చల్లి, పొరపొరకీ క్రీము పరిచి, చుట్టూ నున్నగా పూయడం రోజూ ఎవరికైనా చేసేదే. అద్దాల అరలో ఉన్న కేకు మన కేకు అయ్యేది పేరు రాశాకే.

సూపర్ మార్కెట్లో బేకరీ కౌంటరు అయితే ఈ జాగ్రత్త ఇంకా అవసరం. పాత బేకరీల్లో మాస్టర్ వెనక గదిలోనే ఉంటాడు. అనుమానం వస్తే కేక వేసి అడగొచ్చు. పెద్ద దుకాణాల్లో చాలాచోట్ల కేకు ఇంకెక్కడో తయారై వ్యానులో వస్తుంది. కౌంటర్లో ఉన్న మనిషి కేకు చెయ్యదు, కేకు చేసే మనిషి మనల్ని చూడడు. ఇద్దరి మధ్యా తిరిగేది ఒక చీటీ. మనం నోటితో చెప్పింది ఆ అమ్మాయి తనకు వినపడినట్టు ఇంగ్లీషు అక్షరాల్లో రాసుకుంటుంది, ఆ అక్షరాల్ని మాస్టర్ తనకు తెలిసినట్టు క్రీములోకి దించుతాడు. సతీష్ పేరులో 'హెచ్' ఒకటా రెండా, శ్రావ్యలో 'ఏ' ఎన్ని అన్న పేచీలన్నీ అక్కడ పుట్టేవే. తెలుగులో రాస్తే ఆ పేచీ సగానికి సగం ఉండదు.

మా అమ్మ 80వ పుట్టినరోజుకి తెనాలిలో కిలోన్నర కేకు చేయించాం. చాలా బాగా వచ్చింది. తెల్లటి క్రీము మీద గులాబీ రంగు పూలు, మధ్యలో ఇంగ్లీషులో ఆవిడ పేరు. అమ్మ ఐదో తరగతి దాకా చదివింది. రోజూ పేపరు మొదటి పేజీ నుంచి చివరి పేజీ దాకా చదువుతుంది. ఇంగ్లీషు అక్షరాలు మాత్రం రావు. కేకు ముందు కూర్చుని, చాకు పట్టుకుని, పక్కనున్న మనవరాల్ని అడిగింది: "ఏం రాశార్రా దాని మీద?" "నీ పేరే అమ్మమ్మా!" అంది పిల్ల. "అవునా, బాగుంది" అని కోసింది. ఫొటోల్లో నవ్వుతూనే ఉంది. తన పండగకి తెచ్చిన కేకు మీద తన పేరు తను చదువుకోలేకపోవడం నాకు ఇవాళ్టికీ నచ్చదు. అప్పటి నుంచి మా ఇంట్లో ఏ కేకైనా పేరు తెలుగులోనే.

ఈ ప్రాంతంలో ఇది గొంతెమ్మ కోరిక కాకూడదు. తెనాలి నుంచి రేపల్లె వెళ్లే రైలు భట్టిప్రోలు మీదుగా పోతుంది. 1892లో అలెగ్జాండర్ రీ అక్కడి స్తూపం తవ్వించినప్పుడు రాతి భరిణెలు దొరికాయి. వాటి మీద చెక్కి ఉన్న అక్షరాల ప్రస్తావన లేకుండా తెలుగు లిపి పుట్టుక గురించి ఎవరూ మాట్లాడలేరు. ఆ రాతల్లో ఎక్కువ భాగం ఏమిటో తెలుసా? పేర్లే. ఆ భరిణెలు చేయించిన పుణ్యకార్యంలో పాలుపంచుకున్న మామూలు మనుషుల పేర్లు. రెండు వేల ఏళ్లకు పైబడి అవి అలాగే ఉన్నాయి. ఇక బాపట్లలోనే 1913లో మొదటి ఆంధ్ర మహాసభ జరిగింది, తెలుగువాళ్లకు ప్రత్యేక రాష్ట్రం కావాలన్న మాట మీద అక్కడ చర్చ నడిచింది. అలాంటి ఊళ్లలో ఒక పాపాయి పేరు తెలుగులో రాయించుకోవడానికి బతిమాలాల్సి రావడం నాకు బాధగా ఉంటుంది. తప్పు బేకరీవాళ్లది అనను. అడిగేవాళ్లు లేకపోతే వాళ్ల చెయ్యి ఎలా తిరుగుతుంది?

చెయ్యి తిరిగినవాళ్లు రాస్తుంటే చూడాలి. నేను మొదటిసారి తెలుగులో అడిగినప్పుడు కౌంటర్లో అబ్బాయి "మాస్టర్‌ని అడగాలండీ" అని లోపలికి వెళ్లాడు. బయటికి వచ్చిన మాస్టర్‌ది కర్ణాటకలో హాసన్ జిల్లా. ఇందులో వింతేం లేదు. బెంగళూరు అయ్యంగార్ బేకరీ అన్న బోర్డు మన రాష్ట్రంలో ఎన్ని ఊళ్లలో కనిపిస్తుందో అందరికీ తెలిసిందే. హాసన్ ప్రాంతపు అయ్యంగార్లు 1898లో బెంగళూరు చిక్కపేటలో మొదలుపెట్టిన పని అది, గుడ్డు లేకుండా కేకు చెయ్యడం వాళ్లకి ముందు నుంచీ అలవాటు. శనివారాలూ, కార్తీకమాసమూ, అయ్యప్ప దీక్షలూ పాటించే మన ఇళ్లకి అది భలే కుదిరింది. ఆ మాస్టర్‌కి తెలుగు మాట్లాడటం వచ్చు, రాయడం అంతగా రాదు. "చీటీ మీద పెద్దగా రాసివ్వండి సార్, చూసి వేస్తాను" అన్నాడు. వెన్న కాగితాన్ని కోన్‌లా చుట్టి, అందులో కరిగించిన చాక్లెట్ పోసి, కొస సన్నగా కత్తిరించి, ముందు ఒక పళ్లెం మీద రెండుసార్లు రాసి చూసుకున్నాడు. మూడోసారి కేకు మీద. తలకట్టు మాత్రం కన్నడ పద్ధతిలో కొంచెం పడుకున్నట్టు వచ్చింది. నాకు అది లోపంగా అనిపించలేదు. రెండు లిపులూ ఒక ఇంటివే కదా.

మన అక్షరం గుండ్రం కాబట్టి కోన్‌కి హాయిగా లొంగుతుంది. జిలేబీ చుట్టే చెయ్యికి 'అ' రాయడం ఎంత పని? చిక్కంతా ఒత్తుల దగ్గరే. ఇంగ్లీషు పేరు ఒక గీత మీద కూర్చుంటుంది. 'లక్ష్మి' అని రాస్తే పైన గుడి, కింద ఒత్తు మీద ఒత్తు. 'జ్యోత్స్న' అయితే ఇంకా కష్టం. అరకిలో కేకు అడ్డంగా సుమారు ఆరంగుళాలే ఉంటుంది. అందులో అంచున పూలకీ చెర్రీలకీ పోగా మిగిలేది అరచేయంత చోటు. కాబట్టి ఆర్డరు ఇచ్చేటప్పుడే చెప్పాలి: పేరు తెలుగులో, మధ్యలో చోటు వదలండి, పూలు ఒక పక్కకి పెట్టండి. 'హ్యాపీ బర్త్‌డే' మొత్తం మానేసి ఒక్క పేరే రాయించినా ముచ్చటగా ఉంటుంది. పేరు మన చేత్తో, పెద్ద అక్షరాలతో, ఒత్తులు విడివిడిగా కనపడేలా కాగితం మీద రాసి ఇవ్వాలి. ఫోన్‌లో టైపు చేసి పంపినా ఫరవాలేదు. కానీ కాగితమైతే మాస్టర్ బల్ల మీద ఎదురుగా పెట్టుకుంటాడు.

చాలామంది ఇవేవీ చెప్పరు. ఫోన్ తీసి ఒక ఫొటో చూపించి "అచ్చం ఇలా కావాలి" అంటారు. ఆ ఫొటోలో కేకు ఏ చలిదేశంలో, ఎంత ఏసీలో తీశారో! మే నెలలో తెనాలిలో కొని రేపల్లె తీసుకెళ్లాలంటే 30 కిలోమీటర్ల పైన దారి, 40 డిగ్రీల ఎండ. మూడంతస్తుల కేకు ఆటోలో ఒళ్లో పెట్టుకుంటే కొల్లూరు రోడ్డు అయినా వేమూరు రోడ్డు అయినా ఒకటే, పై అంతస్తు ఒరుగుతుంది. బాపట్లలో సముద్రపు గాలి. పంచదార ముద్దతో చేసే ఫాండెంట్ బొమ్మలకి చెమ్మంటే అసలు పడదు, ఫ్రిజ్‌లోంచి తీసిన కాసేపటికే చెమట పట్టి జిగటగా అవుతాయి. ఎంత దూరం తీసుకెళతాం, ఎందులో తీసుకెళతాం, కోసే ముందు ఎంతసేపు బయట ఉంటుంది అన్నవి మాస్టర్‌కి చెబితే ఎత్తు తగ్గిస్తాడు, లోపల పుల్ల గుచ్చుతాడు, బోర్డు పెద్దది వేస్తాడు.

క్రీము సంగతీ అడగండి. పక్కనే వడ్లమూడిలో సంగం డెయిరీ ఉన్న పాడి సీమ మనది. అయినా చాలా బేకరీల్లో కేకు మీద పూసే తెల్ల క్రీముకి పాలతో సంబంధం తక్కువ, అది ఎక్కువగా తాటిజాతి గింజల నూనెతో చేసింది. 1945లో అమెరికాలో బఫెలో నగరంలో రాబర్ట్ రిచ్ సోయాతో మొదలుపెట్టిన తరహా అది. మాస్టర్లు దాన్ని వాడటానికి కారణం ఉంది, పాల మీగడ మన ఎండకి నిలబడదు. నూనెల్లో ట్రాన్స్ ఫ్యాట్ 2 శాతం మించకూడదని 2022 జనవరి నుంచి దేశమంతటా నిబంధన ఉంది కాబట్టి, ఏ క్రీము వాడుతున్నారని అడగడం మర్యాద తప్పడం కాదు. డబ్బా మీద రాసి ఉంటుంది, చూపించమనండి. ముదురు నీలం, ముదురు ఎరుపు రంగులు మాత్రం వద్దనే చెబుతాను. అంత రంగు రావాలంటే అంత రంగు కలపాలి, నోరు చేదవుతుంది, పిల్లల నాలుకలు రంగు తేలతాయి.

మన దేశంలో కేకు ఆర్డరంటే ముందుగా చెప్పుకునే కథ ఒకటుంది. 1883లో కేరళలోని తలశ్శేరిలో మర్డాక్ బ్రౌన్ అనే తోటల దొర ఇంగ్లండు నుంచి తెచ్చుకున్న క్రిస్మస్ కేకు పట్టుకుని మాంబళ్లి బాపు బేకరీకి వెళ్లాడట. రుచి చూపించి, ఏవేవి పడతాయో చెప్పి, కొన్ని దినుసులు తనే ఇచ్చి, ఇలాంటిది చెయ్యగలవా అని అడిగాడట. బాపు స్థానికంగా దొరికే సారా కలిపి తన పద్ధతిలో చేశాడు. దొర తిని, ఇంకో డజను చెప్పాడంటారు. నమూనా చూపించినా చేసే మనిషికి వెసులుబాటు వదలడం నాకు ఆ కథలో బాగా నచ్చిన సంగతి. మాస్టర్ "ఈ ఎండకి ఇది వద్దండీ, ఇలా చేస్తాను" అంటే వినాలి. అతనికి మన ఊరి ఎండ, ఆ ఫ్రిజ్, తన చెయ్యి, మూడూ తెలుసు.

బేకరీ నడిపేవాళ్లకీ ఒక మనవి. ఆర్డరు పుస్తకంలో పేరు కోసం ఇంకాస్త చోటు వదలండి, కొనేవాళ్ల చేతే అందులో రాయించండి. అచ్చులూ హల్లులూ ఒత్తులూ ఉన్న ఒకటో తరగతి పటం ఒకటి లోపల గోడకి తగిలించండి. మాస్టర్ ఏ రాష్ట్రం నుంచి వచ్చినా నెల తిరక్కుండా నేర్చుకుంటాడు.

ఇక డిసెంబరు సంగతి. క్రిస్మస్‌కి చర్చి పేరుతోనో కుటుంబం పేరుతోనో కేకు కావాలనుకునేవాళ్లు కనీసం మూడు నాలుగు రోజుల ముందు చీటీ ఇవ్వండి. 31వ తేదీ సాయంత్రం మాత్రం ఎవరినీ పేరు రాయమని అడగకండి. ఆ రోజు ప్రతి బేకరీ ముందూ షామియానా వేసి, బల్లల మీద వందల కేకులు పేర్చి అమ్ముతారు. లోపల మాస్టర్లకి రెండు రోజులుగా నిద్ర ఉండదు. ఆ కేకు మీద 'హ్యాపీ న్యూ ఇయర్' అని ఉంటే అలాగే తీసుకెళ్లండి. జనవరిలో పుట్టినరోజు ఉన్నవాళ్లు, మూడో తారీఖు దాటాక కాగితం పట్టుకుని వెళ్లండి.