పుంజు జాడ చెప్పే గుడ్లగూబ కేక

మన పల్లెల్లో టర్కీ కోళ్లు పెంచే ఇళ్లు అక్కడక్కడా ఉన్నాయి. వాటి దగ్గర నిలబడి గట్టిగా చప్పట్లు కొట్టినా, ఈల వేసినా పుంజు మెడ చాచి గొళగొళమంటూ ఒక్కసారిగా అరుస్తుంది. పిల్లలు దాన్ని మళ్లీ మళ్లీ అరిపించి కేరింతలు కొడతారు. ఈ కోళ్ల పూర్వీకులు ఉత్తర అమెరికా అడవి టర్కీలు. పెంపుడు పక్షిలో మిగిలిన ఈ గుణం అడవి పుంజులో మరింత బలంగా ఉంటుంది, ముఖ్యంగా వసంతంలో, జత కట్టే రోజుల్లో. ఈ ఒక్క గుణాన్ని ఆధారం చేసుకుని అమెరికా వేటగాళ్లు ఒక విద్యనే పెంచుకున్నారు. దాన్ని లొకేటర్ కాల్ అంటారు.

ఇది పక్షిని దగ్గరికి రప్పించే పిలుపు కాదు. అది ఎక్కడుందో దాని నోటితోనే చెప్పించే పిలుపు. పెట్ట గొంతును అనుకరించి పుంజును రప్పించే సాధనాలు వేరే ఉన్నాయి, పేరంతా వాటిదే. హెన్రీ గిబ్సన్ 1897లో పేటెంట్ పొందిన చెక్కపెట్టె, అంగిట్లో పెట్టుకుని ఊదే డయాఫ్రమ్, పలక మీద పుల్లతో గీసే స్లేట్ కాల్, అమెరికా మూలవాసులు టర్కీ రెక్క ఎముకతో చేసుకున్న పీక. వీటి పక్కన, లొకేటర్ కాల్‌గా వాడే గుడ్లగూబ కేక చిన్న విషయంలా కనిపిస్తుంది. కానీ ఆ రోజు వేట ఎలా నడుస్తుందో చాలావరకు తేలేది ఆ కేక దగ్గరే.

ఎందుకు పలుకుతుంది?

అడవి టర్కీ రాత్రిపూట ఎత్తైన చెట్టు కొమ్మ మీద నిద్రపోతుంది. వసంతంలో పుంజు తెల్లవారుజామునే, ఇంకా నేల మీదికి దిగకముందే కూత మొదలుపెడుతుంది. చుట్టుపక్కల పెట్టలకు తన ఉనికి తెలియజేయడానికి, పోటీ పుంజులకు తన బలం చాటడానికి ఆ కూత. గాలి లేని ఉదయమైతే మైలు దూరానికి కూడా వినిపిస్తుంది. ఆ ఊపులో ఉన్న పుంజు, పెద్ద శబ్దం ఏది చెవిన పడినా ఆపుకోలేక బదులు పలుకుతుంది. ఉరుముకు పలుకుతుంది, రైలు కూతకు పలుకుతుంది, కారు తలుపు దభాలున వేసినా పలుకుతుంది. వేటగాళ్లు దీన్ని షాక్ గాబుల్ అంటారు.

పెట్ట గొంతుతోనే జాడ తీయవచ్చు కదా అనిపిస్తుంది. అక్కడే చిక్కు. పెట్ట పిలిచిందనుకుంటే పుంజు అప్పటికప్పుడు బయల్దేరి రావచ్చు. అప్పటికి వేటగాడు ఏ బాట మధ్యలోనో నిలబడి ఉంటాడు. టర్కీ చూపు చాలా నిశితం. పగటి వెలుగులో రంగులు గుర్తుపడుతుంది, తల కాస్త తిప్పితే చుట్టూ కనిపిస్తుంది. మనిషి కంటపడ్డాడా, ఇక అటు రాదు. పెట్ట పిలుపు విని వచ్చి మోసపోయిన పుంజు తర్వాత పిలుపులను అనుమానిస్తుంది కూడా. గుడ్లగూబ కేకకు అయితే బదులిచ్చి ఊరుకుంటుంది. జాడ తెలుస్తుంది, పక్షి కదలదు.

ఏ వేళకు ఏ గొంతు

తెల్లవారుజామున, మళ్లీ సందెవేళ వాడేది బార్డ్ ఔల్ అనే గుడ్లగూబ గొంతు. తూర్పు అమెరికా అడవుల్లో ఇది అంతటా వినిపిస్తుంది. అట్లాంటా, షార్లెట్ శివార్లలో చెట్ల మధ్య ఇళ్లున్న మన తెలుగువాళ్లు చాలామంది దీన్ని పెరట్లోనే విని ఉంటారు. ఆ కేకలో ఎనిమిది స్వరాలు, నాలుగు నాలుగుగా రెండు విడతలు. ‘హూ కుక్స్ ఫర్ యూ, హూ కుక్స్ ఫర్ యూ ఆల్’ అనే లయతో గుర్తుపెట్టుకుంటారు. చివరి రెండు మాటలూ కలిసిపోయి ఒకే స్వరంగా సాగి, కిందికి జారాలి. చెక్కతోనో ప్లాస్టిక్‌తోనో చేసిన గొట్టంలో ఊదేవాళ్లున్నారు. చేయి తిరిగినవాళ్లు ఉత్త నోటితోనే కూస్తారు. గొంతు బిగించకుండా పొట్టలోంచి గాలిని తోస్తేనే ఆ గంభీరత వస్తుంది.

పొద్దెక్కాక గుడ్లగూబ కేక నప్పదు. అప్పుడు కాకి గొంతు అందుకుంటారు. కరుకుగా, పొట్టిగా మూడు నాలుగు అరుపులు చాలు. డేగ అరుపు, పెద్ద వడ్రంగిపిట్ట కూత కూడా పగటివేళకు పనికొస్తాయి. బార్డ్ ఔల్‌లు తక్కువగా ఉండే పశ్చిమ రాష్ట్రాల్లో సందెవేళ కొయోటి ఊళ ప్రయత్నిస్తారు. ఇక మనకు ఆశ్చర్యం కలిగించేది నెమలి కూత. అమెరికా అడవుల్లో నెమలి లేదు. అయినా నెమలిలా అరిచే పీకలు అక్కడి వేట దుకాణాల్లో దొరుకుతాయి. ఆ అరుపులోని తీవ్రతే పుంజును కదిలిస్తుంది. పుంజు ఎన్నడూ ఎరగని పక్షి గొంతు అయినా అది అడ్డుకాదు.

కేక కన్నా ముందు, కేక తర్వాత

కేక వేయడం సులువు. వినడమే కష్టం. అనుభవమున్న వేటగాడు గుట్ట మీదికి చేరి ముందు ఊరికే నిలబడతాడు. పుంజు తనంతట తానే కూస్తుంటే లొకేటర్ కాల్ అవసరమే లేదు. అనవసరంగా కూయిస్తే చుట్టుపక్కల పెట్టలు దాని దగ్గరికి చేరుతాయి, ఇతర వేటగాళ్లకూ దాని జాడ తెలుస్తుంది. పుంజు మౌనంగా ఉంటే మొదట చిన్నగా, ఒక్క విడత. చప్పుడు లేకపోతే మరి కాస్త గట్టిగా.

ముఖ్యమైన మెళకువ ఏమిటంటే, కేక పొట్టిగా ఉండాలి, ఠక్కున ఆగాలి. పుంజు చాలాసార్లు కేక పూర్తికాకముందే బదులిస్తుంది. మన గొంతు సాగుతూ ఉంటే దాని గొంతు అందులో కలిసిపోతుంది. అందుకే ఇద్దరు కలిసి వెళ్లినప్పుడు ఒకరు కూస్తే, రెండోవారు కాస్త దూరంగా జరిగి చెవుల వెనక అరచేతులు దొప్పల్లా పట్టి వింటారు. కూసినవారికి వినిపించనిది వారికి వినిపిస్తుంది.

విన్నదాన్ని బట్టి దూరం అంచనా వేయడం మరో విద్య. కొమ్మ మీది కూత స్పష్టంగా వస్తుంది, నేల మీదికి దిగాక మందగిస్తుంది. పుంజు ముఖం అటు తిప్పి కూస్తే దగ్గరున్నా దూరమనిపిస్తుంది. చెట్లు చిగురించి ఆకు దట్టమయ్యాక ధ్వని మరింత అణిగిపోతుంది. ఇవన్నీ బేరీజు వేసుకుని, నేలవాలును అడ్డం పెట్టుకుని వేటగాడు 100, 150 గజాల దూరానికి చేరతాడు. భుజాల కన్నా వెడల్పైన చెట్టు మానుకు వీపు ఆనించి కూర్చుంటాడు. పెట్ట గొంతు ఎత్తేది ఆ తర్వాతే. కూత వినిపించిన చోటికి పాక్కుంటూ వెళ్లడం ఈ వేటలో పెద్ద తప్పు. ఆ కూత పుంజుది కాక మరో వేటగాడిది కావచ్చు, ప్రాణాలకే ముప్పు.

ఈ విద్య విలువ

ఇరవయ్యో శతాబ్దం మొదటి సగంలో అడవుల నరికివేత, అడ్డూ అదుపూ లేని వేట వల్ల అమెరికాలో అడవి టర్కీ దాదాపు కనుమరుగయ్యే స్థితికి వచ్చింది. 1937 నాటి పిట్‌మన్-రాబర్ట్‌సన్ చట్టం తుపాకులు, తూటాల మీద వచ్చే పన్నును వన్యప్రాణుల పునరుద్ధరణకు మళ్లించింది. ఫారాల్లో పెంచి వదిలిన టర్కీలు అడవిలో నిలదొక్కుకోలేదు. అడవి పక్షులనే వలలు వేసి పట్టి కొత్తచోట్ల వదిలాక అవి పుంజుకున్నాయి. 1973లో నేషనల్ వైల్డ్ టర్కీ ఫెడరేషన్ ఏర్పడేనాటికి 13 లక్షలుగా ఉన్న సంఖ్య, తర్వాతి దశాబ్దాల్లో 60 లక్షలు దాటింది. ఈ ఫెడరేషన్ జాతీయ పోటీల్లో గుడ్లగూబ కేకకూ ఒక విభాగం ఉంది.

ఇటీవల ఆగ్నేయ రాష్ట్రాల్లో సంఖ్య మళ్లీ తగ్గుతోంది. జార్జియా రాష్ట్రం 2022లో ఒక్కొక్కరికి అనుమతించే పుంజులను మూడు నుంచి రెండుకు తగ్గించింది. ఇలాంటి సమయంలో లొకేటర్ కాల్ విలువ ఇంకా స్పష్టంగా తెలుస్తుంది. తుపాకీ లేకపోయినా, వేట కాలం కాకపోయినా ఈ విద్య పనికొస్తుంది. తెల్లవారుజామున తిరిగి ఎన్ని చోట్ల పుంజులు పలుకుతున్నాయో లెక్కించే సర్వేలను అక్కడి వన్యప్రాణి శాఖలు చాలాకాలంగా వాడుతున్నాయి. వేటగాడి చెవి, జీవశాస్త్రవేత్త చెవి ఒకే పని చేస్తున్నాయి.

మన దేశంలో 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం వేటను నిషేధించింది, అది ఉండాల్సిందే. ఒకప్పుడు మన పల్లెల్లో పంజరంలోని కౌజుపిట్టను కూయించి అడవి కౌజులను రప్పించి పట్టేవారు. అది రప్పించి పట్టే విద్య. లొకేటర్ కాల్ అలా కాదు, అడిగి ఊరుకుంటుంది. ఏ గుట్ట మీద ఏ పక్షి ఉంది, ఏ వేళకు ఏది పలుకుతుంది, నిన్న పలికింది నేడు ఎందుకు పలకలేదు, ఇవన్నీ తెలిస్తేనే ఆ అడగడం కుదురుతుంది. అమెరికాలో పిల్లలను వేటకు తీసుకెళ్లే పెద్దలు తుపాకీ కన్నా ముందు గుడ్లగూబ కేక నేర్పాలని నా గట్టి అభిప్రాయం. ఆ పిల్లలు పెద్దయ్యాక వేట మానేసినా, అడవిని వినడం మానరు.