అంచును చదివే పని

ఒక తెల్ల కాగితం. దాని మీద పెన్సిలుతో గీసిన, సరిగ్గా గుండ్రంగా కూడా లేని ఆకారం. చుట్టూ గడియారంలో మాదిరిగా 12, 3, 6, 9 గుర్తులు. ఆకారాన్ని నాలుగు ముక్కలుగా విడదీసి, ఒక్కో ముక్క అంచుకు ఒక్కో రంగు వేశారు. మూడో ముక్క అంచు దగ్గర ఎర్ర సిరాతో ఒక చిన్న మరక. చూడగానే పొలం హద్దులు చూపిస్తూ సర్వేయరు ఇచ్చే ఎఫ్‌ఎంబీ స్కెచ్ గుర్తొస్తుంది. ఇదీ సరిహద్దు కొలతే. మనిషి చర్మంలో క్యాన్సర్ ఎక్కడితో ఆగింది, ఎక్కడ ఇంకా మిగిలి ఉంది అన్నది ఈ కాగితం చెబుతుంది. వైద్యంలోని చేతిపనుల్లో నాకు అన్నిటికన్నా ఎక్కువ గౌరవం కలిగించింది ఇదే.

ఈ పనితనాన్ని గట్టిగా పరీక్షించే జబ్బు ఒకటుంది. పేరు నోరు తిరగనిది: డెర్మటోఫైబ్రోసార్కోమా ప్రొట్యుబరెన్స్. డాక్టర్లు డీఎఫ్‌ఎస్‌పీ అంటారు. చర్మం లోపలి పొరలో పుట్టే క్యాన్సర్. ఏడాదికి పది లక్షల మందిలో సుమారు నలుగురికి వస్తుంది. వారిలో ఎక్కువమంది 20 నుంచి 50 ఏళ్ల వయసువాళ్లు. దాదాపు సగం మందికి ఛాతీ, వీపు, పొట్ట, భుజాల దగ్గర కనిపిస్తుంది. 1924లో పారిస్‌లో డారియే, ఫెరాన్ అనే ఇద్దరు చర్మ వైద్యులు దీన్ని పెరుగుతూ, తిరగబెడుతూ ఉండే కణితిగా వర్ణించారు. మరుసటి ఏడాది జర్మనీకి చెందిన హాఫ్‌మన్ ఇప్పుడున్న పేరు పెట్టాడు. ప్రొట్యుబరెన్స్ అంటే పొడుచుకొచ్చేది అని అర్థం. నాకైతే మొదటి ఇద్దరి వర్ణనే నిజానికి దగ్గరగా అనిపిస్తుంది. ఎందుకంటే ఇది ఏళ్ల తరబడి పొడుచుకురాదు. గోరంత మచ్చగా, వేలితో తడిమితే గట్టిగా తగిలే బిళ్లగా, ఎరుపో గోధుమో రంగులో చర్మంలో ఒదిగి కూర్చుంటుంది. చాలామందికి నొప్పి కూడా ఉండదు. పాత దెబ్బ తాలూకు మచ్చ అనుకుంటారు, కెలాయిడ్ అనుకుంటారు, కొవ్వు గడ్డ అనుకుంటారు. "నొప్పి లేదుగా, ఎందుకు కెలుక్కోవడం" అని ఇంట్లో పెద్దవాళ్లు అంటారు. అలా అయిదేళ్లు, పదేళ్లు గడిచిపోతాయి.

తర్వాత ఎప్పుడో బుడిపెలు లేస్తాయి. అప్పుడు ఒక చిన్న ఆపరేషన్‌తో గడ్డ తీసేస్తారు. పైకి కనిపించినదంతా పోతుంది. రెండు మూడేళ్లకు అదే కుట్ల మచ్చలో మళ్లీ గట్టిగా ఏదో తగులుతుంది.

పొలంలో తుంగ పీకినవాళ్లకు ఇది కొత్తగా చెప్పనక్కర్లేదు. పైన గడ్డి చేతిలోకి వస్తుంది, కింద దుంపల గొలుసు మట్టిలోనే ఉంటుంది. డీఎఫ్‌ఎస్‌పీ కణాలు కూడా కంటికి కనిపించే గడ్డను దాటి, చర్మం కింది కొవ్వులోకి, కండపొర మీదికి సన్నటి పోగుల్లా సాగుతాయి. అన్ని వైపులకూ సమానంగా సాగవు. ఒక వైపు అర సెంటీమీటరుతో ఆగిపోయినది ఇంకో వైపు మూడు సెంటీమీటర్లు పోయి ఉండొచ్చు. ఒంట్లో మరో చోటికి పాకడం అరుదు, నూటికి అయిదుగురికి లోపే. పాకితే మాత్రం ఎక్కువగా ఊపిరితిత్తులకే. సుమారు పదిమందిలో ఒకరికి ఇది మరింత దూకుడైన రూపంలోకి మారుతుంది, ఆ ప్రమాదం ఎక్కువగా వాళ్లదే. మిగతావాళ్ల కథంతా అంచు దగ్గరే తేలుతుంది.

పరీక్షకు పంపిన ముక్కతో చేసిన స్లైడును సూక్ష్మదర్శిని కింద పెడితే కణాలు కదురుల్లా సన్నగా పొడవుగా, ఒక కేంద్రం నుంచి బండి చక్రం ఆకుల్లా తిరుగుతూ, ఒకదానిలోంచి ఒకటి దూరుతూ కనిపిస్తాయి. ఈ అల్లికను పాథాలజిస్టులు స్టోరిఫార్మ్ అంటారు. లాటిన్‌లో స్టోరియా అంటే తుంగ చాప. పొలంలో కలుపైన తుంగ, చాపలు అల్లే తుంగ ఒకే కుటుంబానివి. ఈ జబ్బు వేరులోనూ అల్లికలోనూ తుంగే గుర్తు రావడం నన్ను కాసేపు ఆపేసింది. కొవ్వులోకి దిగినచోట కణాలు ఒక్కో కొవ్వు కణాన్నీ చుట్టుముడతాయి, తేనెపట్టు గదుల్లా. సీడీ34 అనే ప్రొటీన్‌ను పట్టే రంగు వేస్తే ఆ చాప అంతా గోధుమ రంగులో వెలుగుతుంది. మామూలు డెర్మటోఫైబ్రోమా అనే నిరపాయకరమైన గడ్డ సాధారణంగా ఆ రంగు పట్టదు. పోలికలున్న ఈ ఇద్దరినీ వేరు చేసే సాక్షి అదే.

ఇక అంచు సంగతి. ఆపరేషన్‌లో తీసిన ముక్కను మామూలుగా దోసకాయ చక్రాలు తరిగినట్టు నిలువుగా కోస్తారు. రెండు మూడు మిల్లీమీటర్లకు ఒక చక్రం. ఒక్కో చక్రం ముఖం నుంచి సుమారు 5 మైక్రాన్ల మందం ఉన్న పొరను గీసి స్లైడు మీద పరుస్తారు. లెక్క వేయండి. మూడు మిల్లీమీటర్లంటే 3000 మైక్రాన్లు. అందులో చూసింది 5. అంటే 600 వంతుల్లో ఒక వంతు. మిగతా 599 వంతుల అంచును ఎవరి కళ్లూ చూడలేదు. నెట్టుకుంటూ గుండ్రంగా పెరిగే కణితికి ఈ లెక్క సరిపోతుంది. పోగులుగా సాగే దానికి సరిపోదు. "అంచులు శుభ్రం" అని రిపోర్టు వస్తుంది, రాసినవాళ్లు అబద్ధం రాయలేదు, అయినా పోగు ఆ 599లో ఎక్కడో ఉండిపోతుంది.

దీనికి విరుగుడు అమెరికాలో విస్కాన్సిన్ యూనివర్సిటీలో ఫ్రెడరిక్ మోస్ చేతిలో తయారైంది. 1930లలో ఎలుకల కణితుల మీద పనిచేస్తూ, జింక్ క్లోరైడ్ కణజాలాన్ని ఉన్నచోటే, సూక్ష్మ నిర్మాణం చెడకుండా, గట్టిపరుస్తుందని ఆయన గమనించాడు. దాన్ని లేపనంగా చేసి రోగి చర్మానికి పట్టించి, మర్నాడు ఆ గట్టిపడిన పొరను తీసి, దాని అడుగంతా సూక్ష్మదర్శినిలో చూసేవాడు. మిగిలినచోట మళ్లీ లేపనం. రోగులకు నొప్పి ఎక్కువ, రోజులు పట్టేది. ఇంకా ముప్పై నిండకముందే మొదలుపెట్టిన ఈ పనిని 1941లో ప్రచురించాడు. 1953లో కనురెప్ప మీద ఒక ఆపరేషన్‌ను సినిమా తీస్తుండగా, ఆలస్యం కాకూడదని లేపనం లేకుండా తాజా ముక్కను గడ్డకట్టించి చూశాడు. అదీ పనిచేసింది. 1974లో ట్రోమోవిచ్, స్టెగ్‌మన్ అనే ఇద్దరు వైద్యులు తమ అనుభవాన్ని ప్రచురించాక ఈ తాజా పద్ధతే నిలబడింది. లేపనం పోయింది, అసలు ఆలోచన మిగిలింది: ఏ అంచునూ చూడకుండా వదలకూడదు.

చేసే తీరు చూడండి. మత్తు ఇచ్చి, గడ్డ చుట్టూ కత్తిని నిటారుగా కాక 45 డిగ్రీల వాలుగా నడుపుతారు. బయటికి వచ్చే ముక్క మూకుడు ఆకారంలో ఉంటుంది. ముక్క మీదా, ఒంటి మీదా ఒకే చోట గాట్లు పెడతారు, తర్వాత దిక్కు తప్పకుండా. ముక్కను భాగాలు చేసి అంచులకు రంగులద్ది, పటంలో అవే రంగులు గీస్తారు. అప్పుడు అది ల్యాబ్ టెక్నీషియన్ చేతికి వెళుతుంది. నా దృష్టిలో మొత్తం పనికి ఆయువుపట్టు ఇక్కడే. సగం బత్తాయి తొక్కను బోర్లించి, అరచేత్తో అంచులు ఒత్తి బల్లపరుపు చేస్తాం కదా, టెక్నీషియన్ కూడా ఆ ముక్కను తిరగేసి, వాలుగా ఉన్న పక్కలను నెమ్మదిగా ఒత్తి, అడుగూ చుట్టూ అంచూ ఒకే చదునులోకి తెస్తారు. ముక్క వాలుగా కోసింది ఇందుకే. నిటారు గోడ ఒంగదు, చిరుగుతుంది. అలా చదును చేసి, గడ్డకట్టించి, అడుగు వైపు నుంచి పలుచటి పొరను గీస్తే, ఆ ఒక్క పొరలోనే అంచంతా పరుచుకుని కనిపిస్తుంది. స్లైడు మీద చర్మపు పైపొర గీత ఎక్కడైనా తెగితే అంచు పూర్తిగా రాలేదని అర్థం, ఇంకా లోపలికి గీయాల్సిందే. చదును చేసేటప్పుడు ఒక మూల పైకి లేచినా చాలు, పటం అబద్ధం చెబుతుంది. రోగి ఆ వేళ్లను ఎప్పుడూ చూడడు.

స్లైడులో పోగు కనిపిస్తే పటంలో ఆ చోట ఎర్రగా గుర్తు పెడతారు. మళ్లీ కోసేది ఆ చోటే. ఆరోగ్యంగా ఉన్న చర్మం జోలికి పోరు.

డీఎఫ్‌ఎస్‌పీ ఇంత నేర్పునూ ఇబ్బంది పెట్టింది. గడ్డకట్టించిన ముక్కలో ఈ సన్నటి కణాలు చర్మంలో మామూలుగా ఉండే ఫైబ్రోబ్లాస్టు కణాల్లా, పాత ఆపరేషన్ మచ్చలా కనిపిస్తాయి. అందుకని చాలామంది తొందర మానుకున్నారు. ముక్కను అదే తీరులో చదును చేసి, ఫార్మలిన్‌లో వేసి, మైనంలో దిమ్మకట్టి, సీడీ34 రంగు వేసి చదువుతారు. గాయానికి కట్టు కట్టి రోగిని ఇంటికి పంపి, ఫలితం వచ్చేదాకా కొన్ని రోజులు ఆగుతారు. దీన్ని స్లో మోస్, అంటే నెమ్మదిగా చేసే మోస్ పద్ధతి, అంటారు. తెరిచిన గాయంతో రోజులు గడపడం చిన్న సంగతి కాదు, అయినా కుట్టేశాక మళ్లీ విప్పడంకన్నా ఇదే నయం. ఇలా చేసినవాళ్ల ప్రచురిత అనుభవంలో జబ్బు తిరగబెట్టినది నూటికి ఒకరిద్దరి దగ్గరే ఉంది.

అన్నిచోట్లా ఈ పద్ధతి దొరకదు. వీపులాంటి విశాలమైన చోట చుట్టూ రెండు మూడు సెంటీమీటర్లు వదిలి, కింద కండపొరతో సహా తీసేయడం ఇప్పటికీ మంచి వైద్యమే, ముక్క అంచులన్నీ ఓపికగా చూసే పాథాలజిస్టు ఉంటే. ముఖం మీద, మెడ మీద వదలడానికి అంత చర్మం ఉండదు. అసలు కోయడానికి వీల్లేనప్పుడు ఇంకో దారి ఉంది. ఈ కణాల్లో 17, 22 క్రోమోజోముల ముక్కలు అతుక్కుని, కొల్లాజెన్ జన్యువు పక్కన పెరుగుదలను పురమాయించే జన్యువు చేరుతుందని 1997లో తేలింది. చర్మంలో కొల్లాజెన్ తయారీ ఎప్పుడూ చురుగ్గా సాగే పని. ఆ జోరుతో కణం తనను తానే పెరగమని పురమాయించుకుంటుంది. ఆ పిలుపు అందుకునే తలుపును మూసే మందు ఇమాటినిబ్. రక్త క్యాన్సర్‌కు వచ్చిన ఈ మాత్రను 2006లో అమెరికా దీనికీ అనుమతించింది. గడ్డ తగ్గాక కొందరికి ఆపరేషన్ వీలవుతుంది.

ఇది చదివేవాళ్లలో ఎవరికైనా ఏళ్లుగా మెల్లగా పెరిగే గట్టి మచ్చ ఉంటే చర్మ వైద్యులకు చూపించండి. ఎక్కువసార్లు అది ఏమీ కాదు. ఏ గడ్డ తీయించుకున్నా, తీసిన ముక్కను పరీక్షకు పంపారా అని అడగండి. ఆ రిపోర్టు పారేయకండి.

ఎర్ర మరక లేని పటం వచ్చాకే కుట్లు మొదలవుతాయి. తర్వాత ఆరు నెలలకో ఏడాదికో ఒకసారి, ఏళ్ల తరబడి, డాక్టరు వేళ్లు ఆ మచ్చ పొడవునా నెమ్మదిగా నడుస్తాయి. పక్కన బల్ల మీద ఫైలు తెరిచి ఉంటుంది, అందులో ఆ కాగితం.